జపానీయుల వస్త్రశిల్పము

జపానుదేశపు సంప్రదాయవస్త్రమునకు ‘కిమోనో’ యని పేరు. ఆ భాషలో ‘కిరు’ యనగా ధరించుట. ‘మోనో’ యనగా వస్తువు. ధరించు వస్తువు గావున కిమోనో యైనది. పూర్వ మే వస్త్రమునకైనను జెల్లిన యీ సామాన్యనామము, 1868లో మెయిజి ప్రభుత్వ మేర్పడి పాశ్చాత్యవేషము దేశమున బ్రబలిన పిమ్మట, స్వదేశవేషమును దానినుండి వేఱుపఱచి చెప్పవలసిన యవసరము గలుగగా విశేషనామముగ మాఱెను. స్వదేశపు దుస్తులకు ‘వఫుకు’ యనియు, పరదేశపు దుస్తులకు ‘యోఫుకు’ యనియు జంటపేరులు వాడుకయైనదియు నాకాలముననే. పొరుగువాని బట్ట యింటిలోనికి రాక పూర్వము తన బట్టకు వేఱుపేరు పెట్టుకొనవలసిన పని యెవ్వరికిని లేదు గదా.

పేరుకంటె క్రియాపదములు విచారింపదగినవి. మనము చీర కట్టుదుము, రవిక తొడుగుదుము, దుప్పటి కప్పుకొందుము, తలపాగ చుట్టుదుము. మన క్రియను నిర్ణయించునది వస్త్రముయొక్క స్వభావము: కుట్టనిదైనచో గట్టుదుము, కుట్టినదైనచో దొడుగుదుము. జపానుభాషలో క్రియను నిర్ణయించునది శరీరభాగము. మేనిమీద వేసికొనునది యేదైనను ‘కిరు’. కాళ్లకు దొడుగునది ‘హకు’. తలకు బెట్టుకొనునది ‘కబురు’. నడుమునకు బిగించు ‘ఓబి’ యను వెడల్పుపట్టీకి ‘షిమెరు’. కావున కిమోనో కుట్టినబట్టయా, కుట్టనిబట్టయా యను ప్రశ్న యా భాషవారికి దోపదు. తెలుగువాడు మాత్ర మా ప్రశ్నను వేయకుండ నుండలేడు. దానికి సమాధానము చెప్పబూనినచో ఆ వస్త్రముయొక్క శిల్పరహస్యమంతయు బయటబడును. ఏలన, కిమోనో కత్తిరింపబడినదియే, కుట్టబడినదియే. అయినను మరల దానుగ మాఱగలిగినట్లు కత్తిరింపబడినది.

పెద్దవారి కిమోనో యొకదానికి జాలిన బట్టను ‘తన్’ అందురు. మన ‘తాను’ శబ్దముతో దీనికి గల పోలిక చెవికి వింతగొలుపును గాని యది కేవలము యాదృచ్ఛికము. మనది హిందుస్థానీద్వారమున వచ్చినది. వారిది చీనాలిపితో వ్రాయబడు కొలతపేరు. ఇట్టి పోలికలను బట్టి చుట్టఱికములు గల్పించుట సులభము, నిరర్థకము. తన్ యొక్క వెడల్పు సుమారు పదునాలుగంగుళములు, అనగా మూరెడుకంటె దక్కువ. పొడవు సుమారు పదుమూడు గజములు. మన చీరతో బోల్చినచో మిక్కిలి యిఱుకైనది, మిక్కిలి పొడవైనది. నడుమునకు బట్టెడ తగిలించుకొని నేలమీద గూర్చుండి నేయు పాతమగ్గమున నాడె చేతినుండి చేతికి సుళువుగ నందదగిన వెడల్పిది. ఆ వెడల్పే వస్త్రముయొక్క రూపము నంతటిని శాసించినది.

ఈ తానునుండి యెనిమిది ముక్కలు తీయుదురు. రెండు మేనిముక్కలు, ఇవి ముందువైపు పాదమునొద్ద మొదలై భుజముమీదుగా వెనుకవైపు పాదమువఱకు దిగును, భుజముమీద గుట్టుండదు. రెండు చేతులు, ఇవియు నట్లే మడిచినవి. ఒకదానిపై నొకటి పడుటకై ముందువైపున జేర్చు ‘ఒకుమి’ యను సన్నపు ముక్కలు రెండు. మెడపట్టీ యొకటి, దానిపైని గప్పు పట్టీ యొకటి. ఒకుమియు మెడపట్టీలును దాను వెడల్పును నిలువుగ జీల్చుటచే వచ్చును. ఈ యెనిమిదింటిలో వంకరగ గత్తిరించినది యొక్కటియు లేదు. మిగులు ముక్క యనునది లేదు. మెడయొద్ద నొక గాటు పెట్టుట తప్ప, శరీరపు వంపునకు దగినట్లు బట్టను గోయుట యను నూహయే యిందు గానరాదు. ఎక్కువైన వెడల్పును గోసి పాఱవేయరు. కుట్టులోపలికి మడిచి దాచుదురు. కూతురు తల్లికంటె నెత్తరియైనచో నా దాచిన మడతను విప్పి కుట్టుకొనును. స్త్రీలు పొడవు ఎక్కువైనదానిని నడుమునొద్ద మడిచి ఓబిక్రింద నణచుదురు. మన స్త్రీలు కుచ్చెళ్లు దోపుకొనుటవంటిదే యిది.

పాశ్చాత్యుల దర్జీపని శరీరమును జూచి బట్టను గోయును. చొక్కాయకు గాని, కోటునకు గాని గోసిన ముక్కలను విప్పి మరల జోడించినచో నవి బట్ట కావు, పీలికలు. మన చీరయు ధోవతియు గోయనేకోయబడవు; మగ్గమునుండి దిగినదియే వస్త్రము. కిమోనో యీ రెండింటి నడుమ నిలిచియున్నది. కుట్టు సాదాది, వదులైనది. గట్టిగ లాగినచో బట్ట చినుగుటకు ముందు కుట్టు విడిపోవును. కుట్టువారు దానినే కోరుదురు.

ఈ కోరికకు గారణము ఉతుకుటలో దెలియును. ‘అరాయిహరి’ యను పద్ధతి ననుసరించి మంచి కిమోనోను శుభ్రము చేయునపుడు ముందుగ గుట్టులన్నియు విప్పుదురు. విప్పిన ముక్కల నొకదాని కొనకు మఱియొకదానిని గుట్టి మరల నొక పొడవైన తానుగ జేయుదురు. దానిని నీట నుతికి, సముద్రపు నాచునుండి తీసిన బంకను గంజిగ బెట్టి, రెండుకొనలను సూదులు గల సన్నపు వెదురుపుల్లలను వెనుకవైపున వరుసగ గ్రుచ్చి, ముడుత లేకుండ బిగించి యాఱబెట్టుదురు. నూలుబట్టలైనచో బలకలమీద నంటించి యెండబెట్టుట కలదు. ఆఱిన పిమ్మట మరల గుట్టుదురు. అయితే పూర్వము వలెనే కాదు. పైకి గానవచ్చి వెలిసిన ముక్క లోపలికిబోవును. మాటుననుండి రంగు చెడని ముక్క పైకివచ్చును. ఎనిమిదింటిలో నొకదానికొకటి చాలవఱకు మాఱుపడగలవు గనుకనే యిది సాధ్యము. రంగు పూర్తిగ బోయినచో దానునకు మరల రంగు వేయించుటయు గలదు. పెద్దవారికి బనికిరానిది పిల్లలకు, పిల్లలకు బనికిరానిది పరుపుగలేబుగ, పిమ్మట బసిపిల్లల పొత్తిగుడ్డలుగ, తుడుపుగుడ్డలుగ మాఱుచు, కడపట బూడిదయై పొలమునకు బోయెడిది. ఒక తాను మూడుతరముల యింటిచరిత్రను జూచుట యపూర్వము గాదు.

కట్టుతీరునగల నియమములలో మిక్కిలి ప్రాచీనమైనది యొకటి గలదు. ఎడమవైపు చెఱగు కుడిచెఱగుపై బడవలెను. 719వ సంవత్సరమున జనులందఱు నిట్లే ధరింపవలెనని రాజశాసనము వెలువడినట్లు ‘షోకు నిహొంగి’ యను రాజచరిత్ర చెప్పుచున్నది. అది చీనాదేశపు మర్యాద ననుసరించినది. కుడిచెఱగు పైకి వచ్చునట్లు కప్పుట ప్రేతమునకు మాత్రమే. పదుమూడువందల యేండ్లు గడచినను నీ నియమము చెడలేదు. ఎఱుగని విదేశీయుడు కుడిచెఱగు పైకి వేసికొని వచ్చినచో నేటికిని ముసలివారు దిగులుపడి సవరింతురు.

ఇప్పటి కిమోనోయొక్క పూర్వరూపము ‘కొసొదె’, అనగా చిన్నచేతులది. చేతిమొన చిన్నదిగ గుట్టబడుటచే నా పేరు వచ్చినది. హెయియన్ రాజధానిలోని కులీనస్త్రీలకు నిది యనేక పైవస్త్రముల క్రింద ధరించు లోవస్త్రము. పనివాండ్రకు నదియే సర్వస్వము. క్రమముగ బైవస్త్రములు తొలగి, లోనిది పైకివచ్చినది. రాణివాసపు గంభీరవేషము గాక, కూలివాని దుస్తు దేశమునకు బ్రధానవేష మగుట గమనింపదగినది. 1467 మొదలు 1477 వఱకు జరిగిన ఓనిన్ యుద్ధమున క్యోటోనగరము తగులబడిపోగా, చెదరిపోయిన పట్టునేతవారు మరలివచ్చి పడమటిసేన విడిసియున్న తావున మగ్గములు నిలుపుకొనిరి. ‘నిషిజిన్’ అనగా పడమటి దండువిడిది. నేటికిని జరీపట్టు ఓబిలకు నదియే పేరుపొందిన పేట.

లోదుస్తు ప్రసంగము వచ్చినది గనుక మఱియొక శబ్దవిశేషము చెప్పెదను. కిమోనోక్రింద ధరించుదానిని ‘జుబన్’ అందురు. ఇది జపానుశబ్దము గాదు. 16వ శతాబ్దిలో వచ్చిన పోర్చుగీసువారి ‘జిబావ్’ అనుదాని రూపాంతరము. పోర్చుగీసుశబ్దమునకు మూలము అరబ్బీ ‘జుబ్బ’. మన జుబ్బా యా మూలమునుండియే పారశీకహిందుస్థానీల వెంట వచ్చినది. తాను, తన్ అనువానికి లేని చుట్టఱికము జుబ్బా, జుబన్‌లకు నిజముగ గలదు. ఒకటి తురకల వెంట నేలమార్గమునను, మఱియొకటి పడవలమీద నీటిమార్గమునను బయనించి, యొకటి మన పైబట్టయు నొకటి వారి లోబట్టయు నైనవి.

మఱియొకటి మనకు మిక్కిలి దగ్గఱిది. బౌద్ధభిక్షువుల పైవస్త్రమును జపానీయులు ‘కెస’ యందురు. అది సంస్కృత ‘కాషాయ’ శబ్దమే. గుడ్డపీలికలను వరిమడులవలె గూర్చి కుట్టిన యుత్తరీయమది. నారానగరమందలి షోసొఇన్ భాండాగారమున షోము చక్రవర్తివిగ జెప్పబడు కెసలు నేటికిని భద్రముగ నున్నవి. ఆయన వస్తువులను రాణి 756లో బుద్ధున కర్పించినది. ఎడమభుజముమీదుగ గప్పుకొను నీ కుట్టుతీరు, కట్టుతీరు రెండును భారతదేశమునుండి చీనామీదుగ బోయినవే.

ఇక నూలు. జపానున బ్రాచీనకాలమున బట్ట యనగా సామాన్యులకు జనుపవంటి నారబట్ట, కులీనులకు బట్టు. ప్రత్తి యెఱుగరు. 799వ సంవత్సరమున మికవరాష్ట్రపు తీరమునకు నొక చిన్నపడవ కొట్టుకొనివచ్చెననియు, నందొక యువకు డుండెననియు ‘నిహొన్ కోకి’ యను రాజచరిత్రయందు గలదు. అతని వేషమును లేఖకుడు శ్రద్ధగ వర్ణించినాడు: వీపు గప్పుకొన్న గుడ్డ, గోచి, కాళ్లకు దొడుగుడు లేదు, ఎడమభుజముమీద నీలిబట్ట, అది కెసను బోలియున్నది. మాట తెలియక చీనావారు చూచి దక్షిణద్వీపవాసి యనిరి. కొంతకాలమున కతడు స్థానికభాష నేర్చి తాను తెంజికు వాడనని, అనగా భారతీయుడనని చెప్పెను. అతనియొద్ద బ్రత్తివిత్తనము లుండెను. మఱుసటియేట నవి పడమటిరాష్ట్రములలో బంచి నాటించిరి గాని పంట నిలువలేదు. వేఱు మార్గములవెంట మరల బ్రత్తి వచ్చి స్థిరపడుటకు 15, 16 శతాబ్దులదాక పట్టినది. అతని యూరేదో, భాషయేదో చరిత్రకారుడు వ్రాయలేదు. తెలుగువాడనుట కాధారము లేదు. కాని గోచియు, ఉత్తరీయమును జదివినప్పుడు మనకు బరిచితుడైన మనుష్యుడు కన్నులకు గట్టును. నేడు నిషియోపట్టణమున నతనికొక చిన్న దేవాలయము గలదు.

ప్రత్తి దక్షిణమున బండును. చలి మిక్కుటమైన యుత్తరమున బండదు. చలి యెక్కువగ నున్నచోటనే వెచ్చనిబట్ట దొరకకపోవుట యా దేశపు పేదలకు గలిగిన కష్టము. త్సుగరు సంస్థానమున 1724లో వెలువడిన మితవ్యయశాసనము రైతులు నూలుబట్ట ధరింపగూడదని నిషేధించినది. నారబట్టలో గాలి చొచ్చును. అక్కడి రైతుస్త్రీలు నీలి నారబట్టమీద దెల్లని నూలుదారముతో బడుగుపోగులను లెక్కించి, సందు సందున గుట్టుచు బోయిరి. నూలుబట్ట నిషిద్ధము గాని నూలుదారము దొరకినది. సందులు పూడి బట్ట వెచ్చనైనది. దానితోపాటు వజ్రాకారపు చిత్రము లేర్పడినవి. ఆ కుట్టుపని ‘కొగిన్’ అను పేర నేడు చిత్రశాలల కెక్కినది. చూచువారు దాని యందమును మెచ్చుకొందురు; అది చలికి జేసిన పరిహారమని తెలిసి మెచ్చుకొనుట న్యాయము. దక్షిణపట్టణములలో జీర్ణించిన నూలుబట్టలు ఓడలమీద నుత్తరమునకు జేరెడివి. వానిని సన్నగ జీల్చి పేకగ వేసి మరల నేసిన బట్టయే ‘సకిఒరి’. పడుగు నార, పేక యింకొకరి పాతబట్ట.

నీలిరంగు కూలివానికిని గులీనునకును సమానమైనది. అక్కడి నీలిమొక్క మన నీలిమొక్క గాదు, మఱియొక జాతిది. షికోకుద్వీపమున నేటి తొకుషిమప్రాంతము దానికి బ్రసిద్ధి. ఎండిన యాకును గుప్పవేసి, నీరు చల్లుచు, తిరుగవేయుచు, సుమారు నూఱుదినములు మురుగబెట్టి నల్లని యెరువువంటి ముద్ద చేయుదురు. ఈ ముద్దను గట్టెబూడిద క్షారోదకము, సున్నము, గోధుమతవుడు, కొంత బియ్యపుమద్యము చేర్చి కుండలో బులియబెట్టుదురు. మన రంగరులు నీలికుండ ‘పండినది’, ‘చెడినది’ యని చెప్పుకొనునట్లే వారును దానిని బ్రాణము గలదానివలె జూచుదురు. మనవారు మొక్కనుండి నీలిమందు బిళ్లలు తీసి దేశాంతరములకు బంపిరి. వా రాకుముద్దనే యమ్మిరి. కుండలో జరుగు పని రెండింటను నొక్కటియే.

ఈ నీలిబట్టలలో ‘కసురి’ యనునది తెలుగువారు వెంటనే గుఱుతుపట్టదగినది. నేయుటకు ముందే పోగులను గట్టలుగ జేర్చి, యక్కడక్కడ బిగియగట్టి రంగులో ముంచుదురు. కట్టినచోట దెల్లగ నుండును. నేసినప్పు డా తెలుపులు గూడి చిత్రమగును. పోచంపల్లి, పుట్టపాక నేతవారు ‘చిటికి’ యనునదియు, చీరాల తేలియారుమాళ్ల పనియు నిదియే. రంగు పోగులవెంట గొంచెము ప్రాకుటచే నంచులు చెదరినట్లు గనబడుట రెండింటికిని సమానధర్మము. జపానునకు నీ విద్య ర్యూక్యూద్వీపములమీదుగ దక్షిణసముద్రమునుండి వచ్చినదని చెప్పుదురు. కాని కురుమెపట్టణపు కసురికి వేఱొక కథ గలదు. 18వ శతాబ్ది చివర జన్మించిన ఇనొఉఎ దెన్ అను బాలిక పండ్రెండు పదుమూడేండ్ల ప్రాయమున, వెలిసిన నీలిగుడ్డమీద దెల్లని చుక్కలు పడియుండుట చూచినదట. అవి యెట్లు వచ్చినవో తెలిసికొనుటకై బట్టను బోగుపోగుగ విప్పినది. ఏ పోగున నెక్కడ దెలుపున్నదో చూచి, యట్లే క్రొత్తపోగులను గట్టి, రంగువేసి, నేసినది. 1869లో మరణించులోపల నామె యనేకులకు నీ పని నేర్పెను. విప్పి చూచుట యను నా దేశపు నలవాటునకు నిది యొక మేలైన ఫలముగ నాకు దోచుచున్నది.

పట్టుమీది పనిలో శిఖరమని చెప్పదగినది యూజెన్. దాని పుట్టుకకు నొక శాసనముతో సంబంధము గలదు. ఎదొపట్టణపు షోగునులు వర్తకుల డాంబికమును జూచి యోర్వలేకపోయిరి. 1683లో స్త్రీలవస్త్రములపై బంగారుజిలుగు, విరివియైన కుట్టుపని, బట్టయంతటను ముడులు గట్టి వేసిన చుక్కలరంగు నిషేధించిరి. ఆ చుక్కలపనికి నొక వస్త్రమున లక్షకు మించిన ముడులు చేతివ్రేళ్లతో గట్టవలెను. వీనిని విడిచి చిత్రవైభవమును సాధించు మార్గము గావలసివచ్చినది. ఆ కాలమున క్యోటోనగరమున విసనకఱ్ఱలమీద జిత్రములు వ్రాయు మియజకి యూజెన్ ప్రసిద్ధుడు. అతని చిత్రములతీరును బట్టలమీదికి దెచ్చిరి. 1688లో నతని పేర నమూనాల గ్రంథము వెలువడినది. పద్ధతిని గనిపెట్టినవా డతడే యనుటకంటె, అతని పేరు పద్ధతికి నిలిచినదనుట యుక్తము.

పని యిట్టిది. తెల్లపట్టుమీద నొకానొక నీలిపూవు రసముతో జిత్రమును గీయుదురు. ఆ గీత నీటితో బూర్తిగ బోవును. జిగటబియ్యపు పిండిని దవుడుతో గలిపి యుడికించిన ముద్దను గొట్టములో బోసి, మొనగుండ సన్నని దారమువలె గీతలవెంబడి దీర్చుదురు. ఈ దారపుగట్టు రంగు నావలికి బోనీయదు. గట్లలోపల గుంచెతో రంగు లద్దుదురు. మడులకు నీరు పెట్టినట్లుండును. పిమ్మట జిత్రమునంతటిని ముద్దతో గప్పి నేలరంగు వేయుదురు. ఆవిరిపట్టి, తుదకు బారునీట గడిగినచో ముద్ద కరిగి, ప్రతియాకారముచుట్టును సన్నని తెల్లగీత మిగులును. ఆ తెల్లగీతయే చేతిపనియైన యూజెన్‌నకు గుఱుతు. క్యోటోలోని కమోనదియందు దానులు తేలియాడుచుండుట యొకకాలమున బ్రసిద్ధమైన దృశ్యము. నదీజలము చెడుననుటచే 1970వ దశకమునుండి యది మానిపించిరి.

ఇందొక సూక్ష్మము మన కలంకారివారు వినదగినది. రంగు ప్రాకకుండుటకై వారు ముందుగ బట్టకు సోయాచిక్కుడుగింజలను నానబెట్టి రుబ్బి తీసిన పాలు పట్టింతురు. మచిలీపట్టణమునను, కాళహస్తియందును గరక్కాయకషాయములో గేదెపాలు చేర్చి బట్టను ముంచుటయు నీ ప్రయోజనమునకే. ఒకచోట గింజపాలు, ఒకచోట బశువుపాలు. పోగును బట్టి రంగును నిలుపు నా సారాంశ మొక్కటే. ఒకరిని జూచి యొకరు నేర్చిరనుటకు సాక్ష్యము లేదు. రంగు పఱుగెత్తు జబ్బు రెండుదేశములలోను నొకటే గనుక మందును నొకటే దొరకినది.

వస్త్రముయొక్క యర్థము చాలవఱకు ఋతువునుబట్టియు, వయస్సునుబట్టియు నుండును. జూను ఒకటవతేదిని లోపలిగుడ్డ లేని కిమోనోకు మాఱుదురు. జూలై, ఆగస్టులలో జాలరువంటి పలుచనిపట్టు. అక్టోబరు ఒకటిని మరల లోపలిగుడ్డ గలది. బట్టపై జిత్రింపబడిన పూవు తోటలో బూచుటకు గొంచెము ముందే ధరించుట రసికత. పూచిన పిదప ధరించుట వెనుకబాటు. కన్యలకు మిక్కిలి పొడవుచేతుల ‘ఫురిసొదె’. వివాహితలకు గుఱుచచేతుల ‘తొమెసొదె’. మిక్కిలి గౌరవవేషమున నైదు కులచిహ్నములు తెల్లగ దీర్పబడియుండును: వీపున నొకటి, చేతులవెనుక రెండు, ఱొమ్మున రెండు. పసిపిల్లల బట్టలకు జనుపాకు చిత్రము వేయుట వాడుక. ఆ మొక్క చీడపట్టక నిటారుగ బెరుగునట్లు బిడ్డ పెరుగవలెనని. పెండ్లికూతురు శుద్ధధవళము ధరించును; ప్రేతమునకును ధవళమే. వర్ణమొక్కటియే యయినను, ఏ చెఱగు పైనున్నదో యది జీవించినవారికిని మరణించినవారికిని భేదము చెప్పును.

నేడు నిత్యవేషముగ దీనిని ధరించువారు మిక్కిలి కొలది. వివాహములయందు, జనవరిమాసమున వయఃప్రాప్తులైనవారి యుత్సవమునందు, తేనీటిగోష్ఠులయందు గనబడును. అందును జాలవఱకు నద్దెకు దెచ్చినవే. 1950వ సంవత్సరపు శాసనమువలన బ్రభుత్వము చేతిపనులను రక్షింపబూనినది. యూకిపట్టణపు పట్టునేతను 1956లో గౌరవించునపుడు మూడునియమములు పెట్టిరి: పట్టుదూదినుండి పురి పెట్టక చేతితోనే పోగు తీయవలెను, చిటికి చేతితోనే కట్టవలెను, నడుముమగ్గముమీదనే నేయవలెను. 2010లో యునెస్కో జాబితా కెక్కినది. పోగు తీయు స్త్రీ ముమ్మాటికి దన యుమ్మితో వ్రేళ్లు తడుపుకొనుచు లాగవలెను. ఒక తానునకు వలయు పోగు తీయుటకే నెలలు పట్టును. శాసనము మగ్గమును రక్షింపగలదు. ఆ ముసలమ్మ స్థానమున గూర్చుండుటకు మనుమరాలిని రప్పింపగలదా యనునదే సందేహము.

తుదకు మనతీరపు ప్రసంగము. ఓలందావర్తకులు 17వ శతాబ్దిప్రారంభమున మచిలీపట్టణమున గొట్లు గట్టిరి. నిజాంపట్టణము, పాలకొల్లు, భీమునిపట్టణములందును వారి కొట్లుండెడివి. వారే 1609లో జపానునందలి హిరదొకు జేరి, 1641 మొదలు నాగసాకిరేవున దెజిమ యను చిన్నద్వీపమున నిర్బంధవాసముగ వర్తకము చేసిరి. వారి యోడలలో జోళమండలపు కలంకారీబట్టలు, చారలబట్టలు వెళ్లినవి. అద్దకపుబట్టలకు జపానులో ‘సరస’ యని పేరు. మన ‘సరసము’నుండి వచ్చినదని చెప్పుట కెంత ముచ్చటగనున్నను, అది నిలువదు, పోర్చుగీసువారి నోట ‘సరాస’ యని వాడుకయైన తూర్పుసముద్రపు వర్తకశబ్దమది, దాని తొలిమూలమును గూర్చి పండితుల కైకమత్యము లేదు. చారలబట్టను ‘సంతొమె’ యనిరి. ఇది మైలాపూరునందలి పోర్చుగీసువారి సాన్ తోమే. చారకు జపానులో సామాన్యనామమైన ‘షిమ’ శబ్దమునకు ద్వీపమనియు నర్థము గలదు. దక్షిణద్వీపములమీదుగ వచ్చిన బట్ట యగుటచే నా పేరు గలిగినదని పలువురి యభిప్రాయము.

ఎదొనగరపు రసికులు 18, 19 శతాబ్దులలో ‘ఇకి’ యను నొక గుణమును బూజించిరి. డాంబికము లేని సొగసు, అంతర్గూఢమైన ఠీవి యని దానిని జెప్పవచ్చును. శాసనములకు వెఱచి పైని గోధుమవన్నె, బూడిదవన్నె బట్టలు వేసి, లోపలిగుడ్డకు వెలలేని పట్టుచిత్రములు వేయించిన వర్తకులచేత నది పెరిగినది. 1930లో కుకి షూజో యను తత్త్వవేత్త ఈ ఇకినిగూర్చి గ్రంథము వ్రాసి, యది కేవలము తమ జాతికే సొంతమైన భావమని ప్రతిపాదించి, దానికి మేలైన దృష్టాంతముగ నిలువుచారలను జూపెను. ఆ నిలువుచారలబట్టలలో రసికులు ప్రాణప్రదముగ దలచిన ‘తోజన్’ అనునది దూరదేశపు సంతొమె యను మాటకు సంక్షేపము. జాతికే సొంతమనుకొన్న సొగసునకు బడుగు వేసిన మగ్గములు చోళమండలమున నుండెను. కుకియొక్క వాదము దీనిచే గూలిపోవునని నే ననను. తెచ్చుకొన్నదానిని దమదిగ జేసికొనుటయు నొక ప్రతిభయే. కాని నేసినవానిని గూర్చి యొక్కమాట యెవ్వరైన జెప్పవలసియున్నది.

సరసబట్ట జపానున నెంత యపురూపమనగా, వర్తకు లది తానులుగ గాక ముక్కలుగ గోసి యమ్మిరి. చేతివెడల్పు ముక్కతో దేనీటిపొడి భరిణెకు సంచి కుట్టించుట, పొగాకుతిత్తి చేయించుట గొప్ప. 1778లో ‘సరస బెన్‌రన్’ అను గ్రంథ మీ చిత్రములనుగూర్చియు, రంగులనుగూర్చియు వెలువడినది. క్యోటో, సకయి, నాగసాకులలో ననుకరణములు పుట్టినవి. వారు కలమునకును నచ్చుదిమ్మకును మాఱుగ దఱచు కత్తిరించిన కాగితపుటచ్చులను వాడిరి. కాని పటికయు జిరువేరును గలిసి యిచ్చు నుతుకునకు నిలుచు నెఱుపు వారికి జిక్కలేదు.

హికొనెసంస్థానాధీశులైన ఈ వంశమువారు సేకరించిన యిట్టి సరసముక్కలు సుమారు 450, ‘హికొనె సరస’ యను పేర నేడు టోకియోలోని జాతీయవస్తుప్రదర్శనశాలయందున్నవి. వీనిలో జాలవఱకు 17, 18 శతాబ్దుల భారతీయపు పని. ఏ ముక్క మచిలీపట్టణపుది, ఏది పులికాటుది, ఏది పడమటితీరముది యని నిర్ణయించుటకు రంగుల రసాయనపరీక్షయు, ఓలందావారి సరకుపట్టీలయు గొంత సాయపడగలవు. పట్టీలలో బట్టలపేరులు మన భాషలనుండి చెవికి వినబడినట్లు వ్రాయబడినవి. వానిని జదివి యేది తెలుగుపేరో యేది కాదో తేల్చుట కచ్చటి పండితులకంటె మనవారికే యవకాశ మెక్కువ. కసురి నేర్పిన బాలికపేరు మనకు దెలియును. విసనకఱ్ఱల చిత్రకారునిపేరు తెలియును. ఆ 450 ముక్కలలో నొక్కదానిమీదను గలము పట్టినవానిపేరు లేదు. సరకుపట్టీలలో బట్టలతోపాటు సాలెవారికిని నద్దకపువారికిని నిచ్చిన బయానాల లెక్కలు గలవు గాన, వెదకవలసినచో టక్కడ.